విక్టోరియా యుగపు అతీంద్రియ పరిశోధన

విక్టోరియా యుగపు అతీంద్రియ పరిశోధన అనగా 19వ శతాబ్దం చివరి దశాబ్దాలలో, ముఖ్యంగా ఇంగ్లాండులో, దయ్యాలు, భావప్రసారం (టెలిపతి), హిప్నాటిజం, మరణానంతర చైతన్యం మొదలైన విషయాలను విజ్ఞానశాస్త్ర పద్ధతులతో పరీక్షించడానికి జరిగిన ప్రయత్నం. దీనికి కేంద్రంగా నిలిచినది 1882లో లండనులో స్థాపించబడిన సొసైటీ ఫర్ సైకికల్ రీసెర్చ్ అనే సంస్థ. తత్వవేత్తలు, భౌతిక శాస్త్రజ్ఞులు, రాజకీయ నాయకులు, కవులు ఇందులో సభ్యులుగా ఉండేవారు. మరణం తరువాత మనిషి చైతన్యం నిలిచి ఉంటుందని ఈ పరిశోధన అందరూ అంగీకరించే విధంగా నిరూపించలేకపోయింది. అయితే ప్రత్యక్ష సాక్షి మాటను ఎంతవరకు నమ్మవచ్చు, జ్ఞాపకం మనిషిని ఎట్లా మోసగిస్తుంది, యాదృచ్ఛికతను ఎట్లా లెక్కించాలి అనే ప్రశ్నలపై ఈ పరిశోధకులు చేసిన కృషి తరువాతి కాలంలో మనస్తత్వ శాస్త్రానికి ఉపయోగపడినది.

నేపథ్యం

1848లో అమెరికాలోని న్యూయార్క్ రాష్ట్రంలో హైడ్స్‌విల్ అనే పల్లెలో ఫాక్స్ అక్కాచెల్లెళ్లు తమ ఇంట్లో వినబడే తట్టుడు చప్పుళ్ళ ద్వారా చనిపోయినవారితో మాట్లాడుతున్నామని చెప్పారు. ప్రేతాత్మవాదం (స్పిరిచ్యువలిజం) అనబడే ఉద్యమం ఇక్కడినుండి మొదలై కొద్ది సంవత్సరాలలోనే ఇంగ్లాండుకు వ్యాపించింది. చీకటి గదిలో బల్ల చుట్టూ చేతులు ఆనించి కూర్చుని, చనిపోయిన ఆత్మీయులను పిలిచే సమావేశాలు సంపన్నుల ఇళ్ళలోను, సామాన్యుల ఇళ్ళలోను జరిగేవి. ఆత్మలకు, మనుషులకు మధ్య వాహకంగా ఉండే వ్యక్తిని "మీడియం" అనేవారు.

దీనిపై విజ్ఞానశాస్త్రం తొలినాటినుండి రెండు విధాలుగా స్పందించింది. 1853లో మైకేల్ ఫారడే ఒక చిన్న పరికరాన్ని తయారుచేసి, బల్లను కదిలించేది ఆత్మలు కాదని, చుట్టూ కూర్చున్నవారు తమకు తెలియకుండానే చేతులతో దానిని నెట్టుతున్నారని చూపించాడు. ఇందుకు భిన్నంగా, డార్విన్‌తో పాటు ప్రకృతివరణ సిద్ధాంతాన్ని ప్రతిపాదించిన ఆల్‌ఫ్రెడ్ రస్సెల్ వాలెస్ ప్రేతాత్మవాదాన్ని సమర్థించాడు. థాలియం మూలకాన్ని కనుగొన్న విలియం క్రూక్స్ 1870 దశకం మొదట్లో డి.డి. హోమ్ అనే ప్రసిద్ధ మీడియంను పరీక్షించి, అతని శక్తులు నిజమైనవేనని ప్రకటించి సహ శాస్త్రజ్ఞుల విమర్శకు గురి అయ్యాడు.

ఇదే కాలంలో మత విశ్వాసం కూడా సంక్షోభంలో పడినది. 1859లో డార్విన్ గ్రంథం వెలువడిన తరువాత చదువుకున్నవారిలో పలువురికి బైబిలు సృష్టికథను యథాతథంగా నమ్మడం కష్టమైనది. కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయంలో నీతిశాస్త్రం బోధించిన హెన్రీ సిడ్జ్‌విక్ ఆంగ్లికన్ చర్చి సూత్రాలను మనస్ఫూర్తిగా అంగీకరించలేక 1869లో ట్రినిటీ కళాశాల ఫెలోషిప్‌కు రాజీనామా చేశాడు. విశ్వాసం ఇచ్చే ఓదార్పు పోయింది గాని, దుఃఖం పోలేదు. పరిశోధకుడు ఎడ్మండ్ గర్నీ ముగ్గురు సోదరీమణులు 1875లో నైలు నదిలో మునిగి చనిపోయారు. కవి, సాహిత్య విమర్శకుడు ఫ్రెడరిక్ మైయర్స్ ప్రేమించిన స్త్రీ 1876లో నీట మునిగి మరణించింది. మరణంతో అంతా ముగిసిపోతుందా అనే ప్రశ్న వీరికి కేవలం పాండిత్య చర్చ కాదు. సమాధానం కోసం వీరికి ఉన్న ఆరాటమే వీరి పరిశోధనకు ప్రేరణ, వీరు అనుక్షణం కాచుకోవలసిన ప్రమాదం కూడా అదే.

సంస్థ స్థాపన

డబ్లిన్‌లో భౌతికశాస్త్ర ఆచార్యుడైన విలియం బారెట్ 1876లోనే బ్రిటిష్ అసోసియేషన్ సభలో భావప్రసారం గురించి ఒక పత్రం సమర్పించాడు. ఆయన చొరవతో 1882 జనవరిలో లండనులో ఒక సమావేశం జరిగి, అదే సంవత్సరం ఫిబ్రవరి 20న సొసైటీ ఏర్పడినది. సిడ్జ్‌విక్ మొదటి అధ్యక్షుడు. ఆయన భార్య ఎలినార్ సిడ్జ్‌విక్, మైయర్స్, గర్నీ, ఫ్రాంక్ పాడ్‌మోర్, రిచర్డ్ హాడ్జ్‌సన్ ముఖ్యమైన కార్యకర్తలు. ఎలినార్ గణితంలో శిక్షణ పొందిన విదుషి. ఆమె 1892 నుండి 1910 వరకు కేంబ్రిడ్జిలోని న్యూన్‌హామ్ మహిళా కళాశాలకు ప్రిన్సిపాల్‌గా పనిచేసింది. ఆమె సోదరుడు ఆర్థర్ బాల్‌ఫోర్ తరువాత బ్రిటిష్ ప్రధానమంత్రి అయ్యాడు. ఈయన 1893లో సంస్థకు అధ్యక్షుడు. అమెరికన్ మనస్తత్వవేత్త విలియం జేమ్స్, క్రూక్స్, ఆలివర్ లాడ్జ్ కూడా అధ్యక్ష పదవి నిర్వహించారు. గ్లాడ్‌స్టన్, కవి టెన్నిసన్ గౌరవ సభ్యులు.

సంస్థ తన పనిని ఆరు సంఘాలకు పంచింది. భావప్రసారం, హిప్నాటిజం, రైఖెన్‌బాఖ్ అనే జర్మన్ శాస్త్రజ్ఞుడు ప్రతిపాదించిన ఒక విచిత్ర శక్తి, దయ్యాలు మరియు దయ్యాల కొంపలు, మీడియంల సమక్షంలో జరిగే భౌతిక ఘటనలు, పూర్వ వృత్తాంతాల సేకరణ అనేవి ఆ ఆరు విషయాలు. ఈ విషయాలలో ఏ ఒక్కదానినీ సంస్థ తరపున నమ్మడం గాని, నమ్మకపోవడం గాని ఉండదని నియమం పెట్టుకున్నారు. తన తొలి ప్రసంగంలో సిడ్జ్‌విక్ ఒక ప్రమాణాన్ని సూచించాడు. సాక్ష్యం ఎంత గట్టిగా ఉండాలంటే, దానిని కాదనదలచినవారికి పరిశోధకులే మోసగాళ్లని ఆరోపించడం తప్ప మరొక దారి మిగలకూడదు.

భావప్రసార ప్రయోగాలు

"టెలిపతి" అనే పదాన్ని 1882లో మైయర్స్ సృష్టించాడు. గ్రీకు భాషలో దూరం, అనుభూతి అనే అర్థాలు గల రెండు పదాలనుండి ఇది ఏర్పడినది. జ్ఞానేంద్రియాల సహాయం లేకుండా ఒక మనసునుండి మరొక మనసుకు భావం చేరడం అని దీని అర్థం.

సంస్థ మొదటి ప్రయోగాలు బక్స్‌టన్ పట్టణానికి చెందిన క్రీరీ అనే మతాచార్యుని కుమార్తెలపై జరిగాయి. ఒక బాలికను గది బయటకు పంపి, లోపలివారు ఒక పేకముక్కనో, వస్తువునో అనుకునేవారు. ఆమె తిరిగి వచ్చి దానిని చెప్పేది. ఫలితాలు అబ్బురం గొలిపేవిగా ఉండడంతో బారెట్ మొదలైనవారు దీనిని బలమైన సాక్ష్యంగా ప్రచురించారు. అయితే తరువాత కేంబ్రిడ్జిలో జరిగిన పరీక్షలలో ఆ అక్కాచెల్లెళ్లు సంకేతాలు వాడుతూ పట్టుబడ్డారు. ఎదురెదురుగా ఉన్నప్పుడు చూపు పైకి, కిందికి, పక్కలకు తిప్పి పేకముక్క జాతిని తెలిపేవారు. మధ్య తెర ఉంటే దగ్గుతోను, కాళ్ల చప్పుడుతోను సూచించేవారు. గర్నీ ఈ సంగతిని 1888లో సంస్థ ప్రచురణలలోనే వెల్లడించాడు.

బ్రైటన్‌కు చెందిన జి.ఏ. స్మిత్, డగ్లస్ బ్లాక్‌బర్న్ అనే యువకుల ప్రయోగాలు కూడా వివాదాస్పదమే. తామిద్దరం రహస్య సంకేతాలతో పరిశోధకులను మోసగించామని బ్లాక్‌బర్న్ 1908లోను, 1911లోను పత్రికలలో ప్రకటించాడు. స్మిత్ దానిని ఖండించాడు. ఈ స్మిత్ తరువాతి కాలంలో బ్రిటిష్ చలనచిత్ర రంగానికి ఆద్యులలో ఒకడుగా పేరుపొందాడు.

ఫ్రాన్సులో శరీరధర్మ శాస్త్రజ్ఞుడు షార్ల్ రిషే 1884లో మరొక మార్గం చూపాడు. పేకముక్క జాతిని ఊహించే పరీక్షను ఆయన 2,927 సార్లు జరిపాడు. నాలుగు జాతులు ఉన్నందున యాదృచ్ఛికంగా సుమారు 732 ఊహలు సరిపోవాలి. నిజానికి సరిపోయినవి 789. ఈ తేడా స్వల్పమైనదే. ఇక్కడ ముఖ్యమైన విషయం పద్ధతి. అద్భుతమైన ఒక్క సంఘటనకు బదులుగా, వేలకొలది మామూలు ప్రయత్నాలను సంభావ్యతా గణితంతో తూచడం దీనితో ప్రారంభమైనది. విజ్ఞానశాస్త్ర తత్వవేత్త ఇయాన్ హాకింగ్ 1988లో రాసిన వ్యాసంలో, ప్రయోగాలలో యాదృచ్ఛిక ఎంపిక పద్ధతి పుట్టుకకు భావప్రసార పరిశోధనతో గల సంబంధాన్ని చర్చించాడు.

దయ్యాల వృత్తాంతాలు

గర్నీ, మైయర్స్, పాడ్‌మోర్ కలిసి 1886లో "ఫాంటాజమ్స్ ఆఫ్ ది లివింగ్" అనే రెండు సంపుటాల గ్రంథాన్ని ప్రచురించారు. ఇందులో ఏడు వందలకు పైగా సంఘటనలు ఉన్నాయి. దూరదేశంలో ఒక వ్యక్తి మరణించే సమయంలోనే అతని రూపం ఇంటివద్ద బంధువులకు కనబడడం వంటివి వీటిలో ఎక్కువ. గ్రంథకర్తలు వీటిని ఆత్మల సంచారంగా కాక, మరణిస్తున్న వ్యక్తి మనసునుండి అందిన భావం బంధువు మనసులో భ్రాంతి రూపం ధరించడంగా వివరించారు. అందుకే గ్రంథం పేరులో మృతుల ప్రసక్తి లేక "జీవించి ఉన్నవారి" ప్రసక్తి ఉన్నది.

గర్నీ వందలాది సాక్షులకు ఉత్తరాలు రాసి, అనేకమందిని స్వయంగా కలుసుకుని, డైరీలతోను, మరణ ధ్రువపత్రాలతోను వారి మాటలను సరిచూశాడు. ఇంత జాగ్రత్త ఎందుకు అవసరమో 1884లో జరిగిన ఒక ఉదంతం తెలుపుతుంది. షాంఘైలో బ్రిటిష్ ప్రధాన న్యాయమూర్తిగా పనిచేసిన సర్ ఎడ్మండ్ హార్న్‌బీ తనకు 1875లో జరిగిన అనుభవాన్ని చెప్పాడు. ఒక రాత్రి ఒక పత్రికా సంపాదకుడు తన పడకగదిలోకి వచ్చి మరునాటి తీర్పు సారాంశం అడిగాడని, తాను చెప్పి పంపానని, పక్కనే ఉన్న భార్యతో ఆ సంగతి అన్నానని, అదే సమయంలో ఆ సంపాదకుడు తన ఇంట్లో మరణించాడని మరునాడు తెలిసిందని ఆయన కథనం. న్యాయమూర్తి స్వయంగా సాక్షి కావడంతో గర్నీ, మైయర్స్ దీనిని ఒక ప్రసిద్ధ మాసపత్రికలో ప్రచురించారు. వెంటనే షాంఘై పత్రికా సంపాదకుడొకడు ఆధారాలతో సమాధానం రాశాడు. మరణించిన వ్యక్తి రాత్రి బాగా నిద్రపోయి ఉదయం చనిపోయాడు. ఆనాటికి న్యాయమూర్తికి భార్య లేదు, మూడు నెలల తరువాతనే వివాహం జరిగింది. మరునాడు చెప్పవలసిన తీర్పు కూడా ఏదీ లేదు. న్యాయమూర్తి అబద్ధమాడలేదు. తొమ్మిది సంవత్సరాలలో ఆయన జ్ఞాపకమే కథను అల్లుకున్నది. పరిశోధకులు ఆ ఉదంతాన్ని ఉపసంహరించుకున్నారు.

భ్రాంతుల జనగణన

విడి కథలు ఎన్ని పోగుచేసినా అవి కాకతాళీయం కావచ్చుననే ఆక్షేపణ మిగిలి ఉంటుంది. కాకి వాలడం, తాటిపండు పడడం ఒకేసారి జరిగినంత మాత్రాన ఒకటి మరొకదానికి కారణం కాదు గదా. ఈ ఆక్షేపణకు సమాధానంగా సంస్థ 1889లో ఒక పెద్ద జనగణన ప్రారంభించింది. 410 మంది సేకర్తలు 17,000 మందిని ఒకే ప్రశ్న అడిగారు. పూర్తిగా మేలుకొని ఉన్నప్పుడు, బాహ్య కారణం ఏదీ లేకుండా, ఎవరినైనా చూసినట్లు, ఎవరో తాకినట్లు, ఏదైనా స్వరం విన్నట్లు ఎప్పుడైనా అనుభవం కలిగిందా అనేది ఆ ప్రశ్న.

1894లో వెలువడిన నివేదిక ప్రకారం 1,684 మంది, అనగా 9.9 శాతం మంది అవునన్నారు. పురుషులలో ఇది 7.8 శాతం, స్త్రీలలో 12 శాతం. మతిస్థిమితం గల సామాన్యులలో కూడా భ్రాంతులు ఇంత సాధారణమని అంతకు ముందు ఎవరూ ఇంత పెద్ద ఎత్తున లెక్కించి చూపలేదు.

మరణ సమయపు దర్శనాల లెక్క ఈ విధంగా ఉన్నది. ఆనాటి ఇంగ్లాండులో సంవత్సరానికి వెయ్యిమందికి సుమారు 19 మంది మరణించేవారు. కనుక ఫలానా వ్యక్తి ఫలానా రోజునే మరణించే సంభావ్యత 19,000లో ఒక వంతు. దర్శనానికి, మరణానికి సంబంధం లేకపోతే 19,000 దర్శనాలలో ఒక్కటి మాత్రమే మరణానికి 12 గంటల లోపల జరగాలి. మరచిపోయిన దర్శనాలను కూడా కలుపుకునేందుకు నివేదిక కర్తలు తమకు ప్రతికూలంగా మొత్తం దర్శనాల సంఖ్యను సుమారు నాలుగు రెట్లు పెంచి 1,300గా తీసుకున్నారు. మరణంతో ఏకీభవించిన వాటిలో అనుమానాస్పదమైనవి తీసివేయగా 30 మిగిలాయి. అనగా 43లో ఒకటి. ఇది కాకతాళీయం కాజాలదని నివేదిక తేల్చింది. అయితే సేకర్తలు ముందుగా తెలిసిన కథలను వెతికి ఉండవచ్చునని, సంవత్సరాలు గడిచిన జ్ఞాపకాలలో తేదీలు తమంతట తామే దగ్గరకు జరుగుతాయని విమర్శకులు అన్నారు. లెక్క సరియైనదే గాని, లెక్కకు ఆధారమైన అంకెలు మనుషుల జ్ఞాపకాలనుండి వచ్చినవే.

మీడియంల పరీక్ష

కొందరు మీడియంలు మూసిన పలకల లోపలి వైపున ఆత్మలు రాతలు రాస్తాయని చూపేవారు. ఎలినార్ సిడ్జ్‌విక్ 1886లో విలియం ఎగ్లింటన్ అనే మీడియం పలక రాతలు గారడీ మాత్రమేనని అభిప్రాయపడినది. దీనికి ఆగ్రహించి కొందరు ప్రేతాత్మవాదులు సంస్థనుండి తప్పుకున్నారు.

ఎస్.జె. డేవీ అనే యువ సభ్యుడు గారడీ విద్య నేర్చుకుని, తానే మీడియంగా పలక రాత ప్రదర్శనలు ఇచ్చాడు. చూసినవారిని తాము చూసినదంతా రాసి ఇమ్మన్నాడు. హాడ్జ్‌సన్, డేవీ కలిసి 1887లో ప్రచురించిన ఫలితాలు ఆలోచింపజేసేవి. విద్యావంతులైన సాక్షులు కీలక ఘట్టాలను వదిలివేశారు; సంఘటనల వరుసను మార్చారు; పలకను తాము ఎన్నడూ చేయి విడువలేదని, నిజానికి విడిచినా, నిశ్చయంగా రాశారు. ఇది గారడీయేనని చెప్పిన తరువాత కూడా వాలెస్ వంటివారు డేవీకి నిజంగా శక్తులున్నాయేమోనని సందేహించారు. ప్రత్యక్ష సాక్ష్యం విశ్వసనీయతపై జరిగిన తొలి ప్రయోగాలలో దీనిని ఒకటిగా భావించవచ్చు.

ఇటలీకి చెందిన యుసేపియా పల్లడీనో అనే మీడియంను 1895లో కేంబ్రిడ్జిలోని మైయర్స్ ఇంట్లో పరీక్షించారు. చీకటిలో ఆమె రెండు చేతులను ఇరువైపుల ఇద్దరు పట్టుకునేవారు. ఆమె మెల్లగా ఒకే చేతిని ఇద్దరికీ అప్పగించి, రెండవ చేతిని విడిపించుకునేదని హాడ్జ్‌సన్ గుర్తించాడు. మోసం చేస్తూ పట్టుబడినవారితో ఇక పనిచేయరాదని సంస్థ అప్పట్లో నిశ్చయించింది.

అడయారు విచారణ

ఈ పరిశోధనలో ఒక ముఖ్య ఘట్టం మద్రాసులో జరిగింది. దివ్యజ్ఞాన సమాజం 1875లో న్యూయార్కులో స్థాపించబడి, 1882లో తన కేంద్రాన్ని మద్రాసు శివారులోని అడయారుకు మార్చుకున్నది. హిమాలయాలలోని మహాత్ములనుండి తనకు లేఖలు వస్తున్నాయని సంస్థాపకురాలు మదాం బ్లావట్‌స్కీ చెప్పేవారు. అడయారులోని ఒక చెక్క బీరువాలో అటువంటి లేఖలు ప్రత్యక్షమయ్యేవి. 1884 సెప్టెంబరులో మద్రాసు క్రిస్టియన్ కాలేజి పత్రిక, సమాజంలో పూర్వం పనిచేసిన కూలాం దంపతుల వద్ద ఉన్న ఉత్తరాలను ప్రచురించింది. ఆ ఘటనలు కల్పితాలని ఆ ఉత్తరాలు సూచించాయి. అవి కూటలేఖనాలని బ్లావట్‌స్కీ ఖండించారు.

సంస్థ పంపగా హాడ్జ్‌సన్ 1884 డిసెంబరులో అడయారు చేరి సుమారు మూడు నెలలు విచారణ జరిపాడు. 1885 డిసెంబరులో వెలువడిన నివేదిక బ్లావట్‌స్కీని చరిత్రలో చెప్పుకోదగిన నేర్పరియైన వంచకురాలిగా వర్ణించింది. దివ్యజ్ఞాన సమాజం ఈ నిర్ణయాన్ని ఎన్నడూ అంగీకరించలేదు. వంద సంవత్సరాల తరువాత, 1986లో, దస్తూరీ నిపుణుడు వెర్నన్ హారిసన్ అదే సంస్థ పత్రికలో హాడ్జ్‌సన్ నివేదికను పక్షపాతంతో కూడినదిగా విమర్శించాడు.

లియొనోరా పైపర్

బోస్టన్ నగరవాసియైన లియొనోరా పైపర్ పూనకం వంటి స్థితిలో, తన ఎదుట కూర్చున్న అపరిచితుల కుటుంబ విషయాలు చెప్పేది. 1885లో ఆమెను చూసిన విలియం జేమ్స్ ఆశ్చర్యపడ్డాడు. 1887లో బోస్టన్ వెళ్లిన హాడ్జ్‌సన్ ఆమె ఎక్కడైనా సమాచారం సేకరిస్తున్నదేమోనని ఆమె వెంట గూఢచారులను నియమించాడు. మోసం బయటపడలేదు. 1889-90 శీతాకాలంలో ఆమెను ఇంగ్లాండుకు పిలిపించి లాడ్జ్ మొదలైనవారు పరీక్షించారు.

అనుమానాలు లేకపోలేదు. ఆమెను ఆవహించే "ఫిన్విట్" అనే ఆత్మ తాను ఫ్రెంచి వైద్యుడినని చెప్పుకున్నా, ఆ ఆత్మకు ఫ్రెంచి భాష సరిగా రాదు. అటువంటి వైద్యుని ఆచూకీ కూడా దొరకలేదు. అయినా కఠిన పరీక్షకుడిగా పేరుపడిన హాడ్జ్‌సన్ చివరకు ఆమె ద్వారా మృతులే మాట్లాడుతున్నారని నమ్మాడు. కాకులన్నీ నల్లనివే అనే నియమాన్ని కూలదోయడానికి ఒక్క తెల్లకాకిని చూపితే చాలునని, తనకు ఆ తెల్లకాకి పైపరేనని జేమ్స్ 1896లో అన్నాడు. పైపర్ మాత్రం 1901లో ఒక పత్రికతో మాట్లాడుతూ, తన ద్వారా మాట్లాడేది ఆత్మలని తాను నిశ్చయంగా చెప్పలేనని, భావప్రసారం సరియైన వివరణ కావచ్చునని పేర్కొన్నది.

మైయర్స్ సిద్ధాంతం

మనకు తెలిసిన మనసు మొత్తం చైతన్యంలో ఒక చిన్న భాగం మాత్రమేనని మైయర్స్ భావించాడు. ఎరుక గడపకు దిగువన మరింత విశాలమైన "సబ్‌లిమినల్" (అధశ్చేతన) ఆత్మ ఉన్నదని, స్వప్నం, ప్రతిభ, హిప్నాటిజం, భావప్రసారం అన్నీ దానినుండే వెలువడుతాయని ఆయన సిద్ధాంతం. బ్రాయర్, ఫ్రాయిడ్‌ల తొలి పరిశోధనను 1893లోనే ఇంగ్లీషు పాఠకులకు పరిచయం చేసినవాడు కూడా ఆయనే. మైయర్స్ 1901 జనవరి 17న, విక్టోరియా రాణి మరణానికి ఐదు రోజుల ముందు, రోములో చనిపోయాడు. ఆయన గ్రంథం "హ్యూమన్ పర్సనాలిటీ అండ్ ఇట్స్ సర్వైవల్ ఆఫ్ బాడిలీ డెత్" 1903లో వెలువడినది.

తన మరణానంతర అస్తిత్వాన్ని పరీక్షించేందుకు మైయర్స్ ఒక సందేశాన్ని ముద్రవేసిన కవరులో లాడ్జ్‌కు అప్పగించాడు. ఆ సందేశం తనకు అందినదని వెరాల్ అనే కేంబ్రిడ్జి విదుషి భావించింది. 1904 డిసెంబరులో కవరు తెరిచి చూడగా, ఆమె రాసినదానికి, లోపలి విషయానికి పోలిక కనబడలేదు. ఈ వైఫల్యాన్ని కూడా సంస్థ దాచలేదు.

విమర్శలు

* అమెరికన్ తత్వవేత్త చార్లెస్ శాండర్స్ పర్స్ 1887లో "ఫాంటాజమ్స్" గ్రంథంలోని గణనను, సాక్ష్యాలను తీవ్రంగా విమర్శించాడు.
* మోసాన్ని పట్టుకోవడంలో శాస్త్రజ్ఞుని కంటే గారడీవాడే సమర్థుడని, ఆచార్యులు పెద్దమనుషుల మాటను సులభంగా నమ్మారని పలువురు ఆక్షేపించారు.
* భావప్రసారాన్ని విద్యుదయస్కాంత తరంగాలతో పోల్చిన క్రూక్స్ వంటివారు, దూరం పెరిగినకొద్దీ దాని బలం ఎందుకు తగ్గదో వివరించలేకపోయారు.
* ప్రేతాత్మవాదుల విమర్శ ఇందుకు విరుద్ధమైనది. సంస్థ అవసరానికి మించి అనుమానిస్తున్నదని వారు భావించారు. 1893లో సభ్యుడైన ఆర్థర్ కానన్ డాయిల్ ఇదే కారణంతో 1930లో రాజీనామా చేశాడు.

ప్రభావం

సంస్థ స్థాపకులు ఒకే నిర్ణయానికి రాలేదు. సిడ్జ్‌విక్ 1900లో మరణించేనాటికి కూడా నిశ్చయానికి రాలేదు. పాడ్‌మోర్ ఆత్మలను తిరస్కరించి భావప్రసారాన్ని మాత్రం అంగీకరించాడు. మైయర్స్, హాడ్జ్‌సన్, లాడ్జ్ మరణానంతర జీవితాన్ని నమ్మారు. ఎలినార్ కూడా చివరకు దానిని నమ్మినదని 1932లో ఆమె సోదరుడు జెరాల్డ్ ప్రకటించాడు.

అమెరికాలోని డ్యూక్ విశ్వవిద్యాలయంలో 1930 దశకంలో జె.బి. రైన్ ప్రారంభించిన పారాసైకాలజీకి ఈ పరిశోధనయే మూలం. భావప్రసారం గాని, మరణానంతర చైతన్యం గాని స్వతంత్ర ప్రయోగశాలలలో నిలకడగా పునరావృతం కానందున, ప్రధాన స్రవంతి విజ్ఞానశాస్త్రం వీటిని అంగీకరించలేదు. కాని భ్రాంతుల గణన, డేవీ ప్రయోగం, అధశ్చేతన భావన మనస్తత్వ శాస్త్ర చరిత్రలో స్థానం పొందాయి. సొసైటీ ఇప్పటికీ పనిచేస్తున్నది. దాని పాత పత్రాలు కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయ గ్రంథాలయంలో భద్రపరచబడినవి. తాము ఎంతగానో కోరుకున్న సమాధానానికి వ్యతిరేకంగా ఉన్న సాక్ష్యాన్ని పలుమార్లు తామే ప్రచురించడం ఈ పరిశోధకుల విశిష్టతగా చరిత్రకారులు గుర్తించారు.